తెరచాటు కంఠములు



వీరులపాడు, నందిగామ, జగ్గయ్యపేట ప్రాంతములందలి మెట్టపల్లెలలో తోలుబొమ్మలాట నెఱుగని పెద్దలు అరుదు. పంట ఇండ్లకు చేరిన పిదప ఊరి నడుమ గుంజలు పాతి, తెల్లని పంచె బిగించి, దాని వెనుక ఆముదపు దీపములు వెలిగించి, తెల్లవారుదాక రామాయణ మాడెడివారు. తెరమీద రావణుడు గర్జించును. ఆ గర్జనము బొమ్మలాట నాయకునిది. తెరమీద సీత విలపించును. ఆ విలాపము అతని యిల్లాలిది. బంగారక్క సరసమును కేతిగాని వెక్కిరింతయు ఆ కుటుంబములోని వారివే. బొమ్మకు గొంతు లేదనియు, గొంతునకు బొమ్మ వేషము లేదనియు చిన్నపిల్లవానికిని తెలియును. అయినను ఏడ్చువారు ఏడ్చిరి, నవ్వువారు నవ్విరి. తెల్లవారిన తరువాత ఆ గొంతుగలవాడు మన గుమ్మములో నిలువబడగా, ముఖము చూచి, చేటతో ధాన్యము పెట్టి పంపెడివారు.

ఈ చివరి మాటను మీరు మనసున నుంచుకొనవలెనని నా ప్రార్థన. గొంతు ఒకరిది, ఆకారము వేరొకరిది అగుట మనకు క్రొత్త గాదు. గొంతుగలవాని ముఖమును, పేరును ఎవ్వరికిని తెలియకుండుట మాత్రము క్రొత్త. అది తెలుగు చలనచిత్రములలో 1943వ సంవత్సరమునుండి పదేండ్లలో ఎట్లు స్థిరపడినదో చెప్పుట నా యీ ప్రసంగమునకు విషయము.

ఈ కాలపు యువకులు ఇట్టి విషయమునే మరియొక దేశమునుండి తెచ్చి వింతగా చెప్పుకొనుచుందురు. ఇంగ్లండులో 1998వ సంవత్సరమున డేమన్ ఆల్‌బర్న్ అను గాయకుడును జేమీ హ్యూలెట్ అను చిత్రకారుడును కలసి గొరిల్లాజ్ అను వాద్యబృందమును కల్పించిరి. అందలి నలుగురును మనుష్యులు కారు, గీసిన బొమ్మలు. వారి తొలి సంపుటము 2001లోను, రెండవది 2005లోను, మూడవది 2010లోను వెలువడెను. 2011లో ఆ దశాబ్దపు పాటలను ఏర్చికూర్చి ఒక్కచోట చేర్చిరి. అమెరికా నల్లజాతి యువకుల లయబద్ధ వచనగానమును, జమైకా ద్వీపపు తాళగతులను, క్యూబా దేశపు వృద్ధగాయకుడైన ఇబ్రహీం ఫెరర్ కంఠమును, పిమ్మట లెబనాను దేశపు వాద్యగోష్ఠిని గూడ ఒక్క కుండలో వండి వడ్డించిరి. మొదటి సంచారములలో నిజమైన వాద్యగాండ్రు తెరవెనుక నిలిచి వాయింపగా, జనులు తెరపై బొమ్మలను చూచిరి. 2010 నాటికి ఆ వాద్యగాండ్రు తెర దాటి ముందునకు వచ్చిరి. ఈ వృత్తాంతమును వినినప్పుడు నాకు ఆశ్చర్యము కలుగలేదు. మనవారు ఇదే మార్గమున అరువదియేండ్లకు పూర్వమే నడచిరి. భేద మొక్కటే: లండను బొమ్మలకు ప్రాణము లేదు, మన తెరమీది బొమ్మలు సజీవులైన నటీనటులు.

తెలుగున మాటలాడిన మొదటి చిత్రము భక్తప్రహ్లాద. హెచ్.ఎమ్. రెడ్డిగారు బొంబాయిలో దానిని తీసిరి, 1932లో ప్రదర్శితమయ్యెను. సురభి కమలాబాయిగారు అందు నటించిరి. ఆ దినములలో నటించువాడే పాడవలెను. కెమెరా తిరుగుచుండగనే పాట పాడవలెను. హార్మోనియము, తబలా వాయించువారు చెట్టుచాటుననో, గోడవెనుకనో, కెమెరా కంటికి అందని మూలనో కూర్చుండి వాయింపవలెను. అందువలన మంచి గొంతు లేనివానికి నాయకవేషము దొరకదు. నాటకరంగమున పద్యము నెత్తి, సభవారు మరల మరల కోరగా అదే పద్యమును రాగవిస్తారముతో పాడిన మహానుభావులే తెరమీదికి వచ్చిరి. నాగయ్యగారు, కన్నాంబగారు, శాంతకుమారిగారు, సి.ఎస్.ఆర్.గారు ఈ కోవలోనివారు. భక్తపోతనలో నాగయ్యగారి ముఖమును కంఠమును ఎవ్వడు వేరుచేయగలడు?

పాటను ముందుగా ముద్రించి, పిమ్మట నటుని పెదవులు కదలించు పద్ధతి మన దేశమున 1935లో కలకత్తా న్యూథియేటర్సు వారి చిత్రమున ప్రారంభమైనది. నితిన్ బోసుగారు దర్శకులు, రాయ్‌చంద్ బోరాల్‌గారు సంగీతకర్తలు. వంగభాషలో దాని పేరు భాగ్యచక్ర, హిందీలో ధూప్‌ఛావ్. మన భాషకు ఈ పద్ధతి ఎనిమిదేండ్లకు చేరెను. 1943లో నాగయ్యగారు నిర్మింపగా పి. పుల్లయ్యగారు దర్శకత్వము వహించిన భాగ్యలక్ష్మిలో కమలా కోట్నీస్ అను నటికి రావు బాలసరస్వతీదేవిగారు ఒక పాట పాడిరి. సంగీతము భీమవరపు నరసింహారావుగారిది. చలనచిత్ర చరిత్రకారులు దీనినే తొలి తెలుగు నేపథ్యగానముగా నెన్నుచున్నారు.

బాలసరస్వతిగారు 1928లో జన్మించిరి. అప్పటికి పదునైదేండ్ల బాలిక. అయినను గొంతునకు అనుభవము తక్కువ గాదు; 1936 నాటికే సి. పుల్లయ్యగారి చిత్రమున బాలనటి. గ్రామఫోను పలకలపై సాలూరి రాజేశ్వరరావుగారితో కలసి పాడి ఇంటింట వినబడిన గొంతు. మద్రాసు రేడియోలో లలితసంగీతమునకు తొలినాళ్ల గాయని. రేడియోకు అలవాటుపడిన గొంతే సినిమా నేపథ్యమునకు ముందుగా ఒదుగుట యాదృచ్ఛికము గాదని నా నమ్మకము. నాటకరంగపు గొంతు వేయిమంది కడపటి వరుసదాక చేరవలెను గనుక బిగ్గరగా నుండవలెను. మైక్రోఫోను ముందు బిగ్గరదనము పనికిరాదు. చెవిలో చెప్పినట్లు పాడవలెను. బాలసరస్వతిగారు అట్లు పాడిరి. 2025లో తొంబదియేడవ యేట వారు దివంగతులగు పర్యంతము ఆ మృదుత్వము వారి పేరితో కలసియే యుండెను.

ఈ పని ఎట్లు జరిగెడిదో కొంచెము వివరించెదను. ఏలయన నేటి పిల్లలు దీనిని ఊహింపనైన లేరు. గాయకుడును, వాద్యగాండ్రందరును ఒక్క గదిలో ఒక్కసారిగా పాడి వాయింపవలెను. శబ్దము ఫిల్ముపై కాంతిరేఖలుగా ముద్రితమగును. పదునేనుగురు వాద్యగాండ్రలో ఒక్కని విల్లు జారినను, గాయకుడు ఊపిరిని ఒక్క క్షణము తప్పుగా తీసినను, అందరును మొదటినుండి మరల పాడవలసినదే. అతుకులు వేయు వీలు లేదు. ఇట్లు తయారైన పాటను చిత్రీకరణస్థలమున లౌడుస్పీకరు ద్వారా వినిపింతురు; నటుడు దానికి సరిగా పెదవి కదలించును. ఆ పాటయే గ్రామఫోను పలక నెక్కవలెనన్న మరియొక కట్టుబాటు కలదు. నిమిషమునకు డెబ్బదియెనిమిది చుట్లు తిరుగు పదియంగుళముల పలకలో ఒక ప్రక్కకు మూడు, మూడున్నర నిమిషములు మాత్రమే పట్టును. అరగంట రాగాలాపన చేసిన సంప్రదాయమునకు మూడు నిమిషముల చెర వేసినది ఆ లక్కపలక. పల్లవి, రెండు మూడు చరణములు, నడుమ వాద్యఖండము అను నేటి పాటరూపము కవి సంకల్పమున బుట్టినదని పలువురు తలతురు. లక్కపలక కొలతయే దానికి సగము కారణము.

1944లో వై.వి. రావుగారి తాసిల్దారు చిత్రమున ఎం.ఎస్. రామారావుగారు పాడిరి. పురుషులలో తొలి తెలుగు నేపథ్యగాయకులు వీరే యని ప్రసిద్ధి. పిమ్మట తెలుగు సుందరకాండను పాడి, మన పల్లెల దేవాలయములలో ఉదయమున వినబడిన గొంతు వీరిదేయని చెప్పినచో మీరు వెంటనే గుర్తింతురు.

1945లో బి.ఎన్. రెడ్డిగారి స్వర్గసీమ వచ్చెను. అందు భానుమతిగారు తన పాటలు తానే పాడిరి. వానిలో ఒకదాని బాణీకి హాలీవుడ్డు చిత్రమొకటి ప్రేరణ యని ఆమెయే చెప్పుకొనిరి. కర్ణాటక సంగీతము నేర్చిన తెలుగు కంఠము, స్పెయిను దేశపు కథతో అమెరికాలో తీసిన చిత్రములోని కూనిరాగమును విని, మద్రాసులో తెలుగు మాటలకు దానిని తొడిగినది. పండితులు కొందరు ముఖము చిట్లించిరి. జనులు పాడుకొనిరి.

ఆ చిత్రముననే భానుమతిగారితో గొంతు కలిపిన యువకుడు ఘంటసాల వేంకటేశ్వరరావు. మన కృష్ణా మండలమున గుడివాడ చేరువనున్న చౌటపల్లిలో 1922వ సంవత్సరము డిసెంబరు 4వ తేదీన జన్మించెను. చిన్ననాటనే తండ్రి గతించెను. సంగీతము నేర్వవలెనని విజయనగరము పోయి, పట్రాయని సీతారామశాస్త్రిగారి శిష్యుడై, ఇంటింట మధుకరము తెచ్చుకొని తిని చదివెను. 1942 నాటి ఉద్యమమున చెరసాలకేగి బళ్లారి అలీపురమున కాలము గడపెను. విడుదలయైన పిదప మద్రాసు చేరి, పానగల్ తోటలో రాత్రులు పరుండిన దినములు గలవు. ఆ నగరమున అతనికి ముందుగా గొంతు విప్పు నవకాశమిచ్చినవానిలో ఆకాశవాణి యొకటి. అచ్చటి ఉద్యోగియగు బాలాంత్రపు రజనీకాంతరావుగారు లలితగీతములు పాడించిరి.

రజనీకాంతరావుగారి పేరు వచ్చినది గనుక ఒక్క విషయము చెప్పక తప్పదు. ఆయన ప్రభుత్వోద్యోగి, బయటి చిత్రములకు సంగీతము కూర్చుటకు ఉద్యోగధర్మ మడ్డు. 1946లో ఎల్.వి. ప్రసాదుగారి గృహప్రవేశము విడుదలయైనప్పుడు సంగీతకర్తగా తెరపై కనబడిన పేరు బాలాంత్రపు నళినీకాంతరావు. వారు రజనిగారి సోదరులు. బాణీ ఒకరిది, పేరు వేరొకరిది! గొంతు మాత్రమే గాక రచనయు తెరచాటునకు పోయినది. పిమ్మట విజయవాడ ఆకాశవాణికి వన్నె తెచ్చిన రజనిగారు 2018లో దివంగతులైరి. ఆ బాణీలు వారివేయని నేడు చెప్పుటకు అభ్యంతర మెవ్వరికిని లేదు. ఆనాడు అనామకముగా పనిచేసిన మరియెందరి బాణీలకో అట్టి భాగ్యము కలుగలేదు.

పేరు సంగతి చిన్నది గాదు. గ్రామఫోను పలకమీద ఎవని పేరు అచ్చుపడునో అతడే లోకమునకు గాయకుడు. తొలిదినములలో చిత్రము పేరు, నటుని పేరు పెద్దవి; పాడినవాని పేరు ఉన్న నున్నది, లేకున్న లేదు. హిందీలో 1949 నాటి మహల్ చిత్రపు పాట దీనికి పరాకాష్ఠ. పాడినది లతా మంగేష్కరు; తెరపై కనబడినది మధుబాల; పలకమీద అచ్చువేసినది కామిని. కామిని ఎవరు? కథలోని పాత్ర! రేడియో శ్రోతలు ఈ గొంతు ఎవరిదని ఉత్తరములమీద ఉత్తరములు వ్రాసిన పిమ్మటనే లత పేరు లోకమునకు తెలిసినది. లండను బొమ్మల బృందమువారు కల్పితపాత్రలను గాయకులుగా ప్రకటించుటను నూతన కల్పన యనువారు ఈ పలకను చూడవలెను. అచ్చట అది విలాసము. ఇచ్చట అది గాయని కూలిని, కీర్తిని కప్పిన ముసుగు. మన పల్లెలో చేట ధాన్యము ఎవరికి పెట్టవలెనో తెలిసి పెట్టిరి. ఈ వ్యాపారమున శ్రోత తన చేటను ఎవరి గుమ్మమునకు తీసికొనిపోవలెనో తెలియక నిలిచినాడు.

ఇక 1948, 1949 సంవత్సరములు ఈ దశాబ్దమునకు నడుమిల్లు. అక్కినేని నాగేశ్వరరావుగారు తొలిచిత్రములలో తన పాట తానే పాడిరి. 1948 నాటి బాలరాజులో ఆయన ముఖమునకు ఘంటసాల గొంతు అమరెను. తన గొంతుకంటె వేరొకని గొంతు తన ముఖమునకు బాగుండునని నటుడొకడు ఒప్పుకొనుట ఎంత కష్టమో ఆలోచింపుడు. నాటకరంగమున అది అవమానము. నాగేశ్వరరావుగారు దానిని మేలుగా ఎంచిరి. తరువాతి పాతికేండ్లు ఆ రెండును విడివడలేదు.

1949లో కీలుగుఱ్ఱమును నూజివీడు చెంతనున్న మీర్జాపురము రాజావారు తీసిరి, దర్శకులును వారే. మన మెట్టప్రాంతమునుండి పోయిన ధనము, సాహసము అందు గలదని నేను గర్వింతును. ఘంటసాల సంగీతము. ఆ చిత్రమున అంజలీదేవిగారికి పాట పాడినవారు రాజావారి సతీమణి కృష్ణవేణిగారు. ఆమె స్వయముగా పేరుపడిన నటి, నిర్మాత్రి. తన స్వరముతో నాయికయై వెలిగినయామె మరియొక నటికి తెరచాటున గొంతు నిచ్చినది! ఆ చిత్రమునే తమిళమునకు మార్చి మాటలు వేరువారిచే పలికించిరి. పాట మొదలు మాటవరకు గొంతులు దేహములను విడిచి సంచరించుట నేర్చినవి. ఆ యేటనే కృష్ణవేణిగారు నిర్మించిన మనదేశమున నందమూరి తారకరామారావుగారు పోలీసు అధికారిగా చిన్నవేషమున తొలిసారి కనబడిరి. 2022లో మన వీరులపాడు, నందిగామ, జగ్గయ్యపేట ఏ మహానటుని పేరిటి జిల్లాలో చేరినవో, ఆయన పాటలు ఇంచుమించుగా అన్నియు పరుల గొంతులే యగుట గమనింపదగినది.

ఆ యేటనే భరణీవారి లైలామజ్ను వచ్చెను. సి.ఆర్. సుబ్బురామన్‌గారు దానికి సంగీతము కూర్చిరి. అప్పటికి ఇరువదియైదేండ్ల వయస్సు. కథ అరబ్బు దేశపుది. పాటలకు ఆ వాసన నిచ్చి, మన రాగములను విడువక, పాశ్చాత్యవాద్యములను తగినచోట పొదిగెను. క్రొత్త వంటకములో కారము, తీపి వేరువేరుగా తెలియక ఒక్క రుచిగా నుండవలెను. సుబ్బురామన్ చేతిలో అట్లుండెను. ఈ మిశ్రమము ఊరక పుట్టలేదు. నటుని గొంతు ఎంతవరకు పోవునో అంతవరకే బాణీ కట్టవలసిన కాలము గడచినది గనుకనే, సంగీతకర్త తనకు వలసిన గొంతును వెదకి తెచ్చుకొని, ఏ దేశపు స్వరమునైనను పలికింపగలిగెను. కేరళమునుండి వచ్చిన పి. లీలగారు, చిత్తూరు మండలపు ఏ.ఎం. రాజాగారు, బాలనటిగా ప్రవేశించిన జిక్కిగారు ఇట్లు వెదకగా దొరికిన గొంతులే.

1951లో రెండు చిత్రములు వచ్చినవి. ఈ దశాబ్దపు ఫలమంతయు వానిలో పండినదని నా యభిప్రాయము. పాతాళభైరవిలో ఘంటసాల సంగీతమును కూర్చి, తారకరామారావుగారికి పాడెను. పింగళి నాగేంద్రరావుగారి మాటలు పల్లెటూరివాని నాలుకకు ఇట్టే పట్టుబడినవి. మల్లీశ్వరిలో సాలూరి రాజేశ్వరరావుగారు, దేవులపల్లి కృష్ణశాస్త్రిగారు, బి.ఎన్. రెడ్డిగారు కలసిరి, వాద్యనిర్వహణ అద్దేపల్లి రామారావుగారిది. అందు నాయకునకు ఘంటసాల గొంతు. నాయిక భానుమతిగారు మాత్రము తన పాట తానే పాడిరి. ఒక్క తెరమీద ప్రాతపద్ధతియు క్రొత్తపద్ధతియు ప్రక్కప్రక్కన నిలిచి పాడినట్లు. భానుమతిగారు సాధారణముగా తమ గొంతును పరుల ముఖమున కీయలేదు, పరుల గొంతును తమ ముఖమునకు రానీయలేదు. ఆమెను గర్వి యనువారు గలరు. ఆ గర్వమున న్యాయము కలదని నేనందును.

అయితే నష్టపోయినవా రెవరు? పాడుచు నటించు నాటకసమాజమువారు. మద్రాసు తెరకు గొంతొక్కటే యున్నవాడును రూప మొక్కటే యున్నవాడును చాలుననినంతనే, రెండును గలిగి ఊరూర పద్యనాటకములాడిన నటులకు విలువ తగ్గెను. మన ప్రాంతపు తిరునాళ్లలో హార్మోనియము కట్టపైని ఒక్క శ్రుతిలో తెల్లవారుదాక పాడినవారికి పిలుపులు తగ్గినవి. ఘంటసాల పద్యము పాడినతీరు, అనగా రాగమును కురుచచేసి, మాటను స్పష్టపరచి, భావమునకు అవసరమైనంత మాత్రమే సాగదీయుట, నాటకరంగమునకే తిరిగివచ్చి అచ్చటి పద్యమును మార్చినది. నే నెఱిగిన వృద్ధనటుడొకడు దీనిని దొంగతన మనెడివాడు. నేను దొంగతన మనను. కాని నేపథ్యగానము లేకున్నచో సావిత్రివంటి నటి నాయికగా నిలుచుట కష్టమయ్యెడిదని చెప్పి ఆ వృద్ధుని నోరు మూయించుటయు నాకు ఇష్టము లేదు. సావిత్రిని సంపాదించుకొంటిమి, పాడి యాడినవారిని పోగొట్టుకొంటిమి. ఈ రెండు లెక్కలు ఒకదానితో నొకటి కొట్టివేయబడవు.

విజయవాడ ఆకాశవాణి కేంద్రము 1948 డిసెంబరు 1వ తేదీన వెలసినది. పల్లెలలో చావడియందలి రేడియో చుట్టును జనులు చేరి ఆ పాటలు వినుచున్న దినములలోనే, 1952లో కేంద్రమంత్రిగా వచ్చిన బి.వి. కేస్కరుగారు సినిమాపాటలు సంగీతరుచిని చెరచుచున్నవని భావించి, వాని ప్రసారమును అణచివేసిరి. శ్రోతలు సముద్రము దాటి సిలోను రేడియోకు చెవినొగ్గిరి. 1957 అక్టోబరులో వివిధభారతి ప్రారంభమగువరకు ఈ తగవు తీరలేదు. చిత్రమేమన, కేస్కరుగారు నిరోధించిన గొంతులలో పలువురు రేడియోయే పెంచిన పిల్లలు.

1953లో దేవదాసు విడుదలయ్యెను. సుబ్బురామన్‌గారు 1952లోనే, ముప్పదియేండ్లైన నిండకుండ గతించిరి. మిగిలిన పనిని సహాయకులైన విశ్వనాథన్, రామమూర్తిగారలు ముగించిరి. తెరపై పార్వతి సావిత్రి. పదేండ్లక్రితము భాగ్యలక్ష్మిలో పాడిన బాలసరస్వతీదేవిగారు ఈ చిత్రమునను పాడిరి. మరియొక విషాదగీతమును పాడినది కె. రాణి యను చిన్న బాలిక. ఆ దుఃఖమును వినినవారు అది బాలిక గొంతని నమ్మరు. ఆ యేటనే కృష్ణా మండలపువారైన పెండ్యాల నాగేశ్వరరావుగారు కన్నతల్లి చిత్రమునకు క్రొత్త గొంతు కావలెనని మద్రాసు రేడియోవారి నడిగి, విజయనగరమునుండి వచ్చిన అమ్మాయిని ఎన్నుకొనిరి. ఆమె ఏ.ఎం. రాజాగారితో కలసి పాడెను. పేరు పులపాక సుశీల.